గుండమ్మ లేకపోతే కథ లేదు



నరసరావుపేటలోనో, మాచర్లలోనో, గురజాలలోనో ఈ పూట రేడియో దగ్గర కూర్చున్న మీకు ముందుగా ఒక ప్రశ్న. 1962లో విజయా వారు ఒక సినిమా తీశారు. అందులో ఎన్.టి. రామారావు ఉన్నారు, అక్కినేని నాగేశ్వరరావు ఉన్నారు. సావిత్రి, జమున ఉన్నారు. ఎస్.వి. రంగారావు ఉండనే ఉన్నారు. ఆ రోజుల్లో తెలుగు తెర మీద అంతకన్నా పెద్ద పేర్లు లేవు. మరి సినిమాకు పేరు ఎవరి మీద పెట్టారు? హీరోల మీద కాదు, హీరోయిన్ల మీదా కాదు. ఇంట్లో నోరు పెట్టుకుని బతికే ఒక సవతి తల్లి మీద పెట్టారు. గుండమ్మ కథ అన్నారు. ఆ గుండమ్మ సూర్యకాంతం గారు. పోస్టర్ మీద ముందు వరసలో లేని మనిషి పేరు సినిమాకు ఎలా దక్కింది? ఈ పూట నేను చెప్పబోయేదంతా దీనికి జవాబే. క్యారెక్టర్ నటి అంటే హీరో హీరోయిన్ల పక్కన ఖాళీ పూడ్చే మనిషి కాదు. కథను కదిలించే మనిషి. హీరోకు కష్టం పెట్టేది, హీరోయిన్ మంచితనానికి పరీక్ష పెట్టేది ఆవిడే. ఈ మాట మధ్య మధ్యలో మళ్లీ అంటాను. రేడియోలో వెనక్కి తిప్పి చదువుకోవడానికి పేజీలు ఉండవు కదా.

ముందు ఆవిడ సంగతి నాలుగు ముక్కల్లో చెబుతాను. సూర్యకాంతం గారు 1924 అక్టోబరు 28న కాకినాడ దగ్గర వెంకటకృష్ణరాయపురంలో పుట్టారు. నాట్యం మీద మక్కువతో, సినిమా మీద ఆశతో మద్రాసు వెళ్లారు. జెమిని వారి చంద్రలేఖలో నాట్యం చేసే గుంపులో ఒకరిగా కనిపించారు. సౌదామిని అనే సినిమాలో నాయిక వేషం దాకా వచ్చింది. ఇంతలో కారు ప్రమాదం జరిగి ముఖానికి దెబ్బ తగిలింది. ఆ వేషం చేజారింది. 1950లో ఎల్.వి. ప్రసాద్ గారి సంసారం వచ్చింది. అందులో ఆవిడ అత్తగారు. అప్పటికి ఆవిడ వయసు పాతిక దాటిందంతే! ఆ తర్వాత 1994 దాకా నటిస్తూనే ఉన్నారు. ఆ ఏడాది వచ్చిన ఎస్.పి. పరశురాం సినిమాలో కూడా కనిపించారు. ఆ డిసెంబరులోనే కన్నుమూశారు. అంటే నలభై ఏళ్లకు పైగా, వందల సినిమాలు. ఆ మధ్యకాలంలో ఎందరు నాయికలు వచ్చి వెళ్లిపోయారో లెక్కపెట్టండి. పది పన్నెండేళ్లు నిలిస్తే గొప్ప. నాయికకు వయసు అడ్డం వస్తుంది. క్యారెక్టర్ నటికి వయసు అడ్డం రాదు. వయసును కూడా వేషంలో భాగంగా కట్టేసుకుంటుంది.

ఈ వయసు సంగతి కొంచెం దగ్గరగా చూద్దాం. గుండమ్మ కథలో గుండమ్మకు ఇద్దరు అల్లుళ్లు. ఒకరు రామారావు, ఒకరు నాగేశ్వరరావు. రామారావు గారు పుట్టింది 1923 మేలో. సూర్యకాంతం గారు పుట్టింది 1924 అక్టోబరులో. నాగేశ్వరరావు గారు కూడా ఆవిడకంటే పెద్దవారే. అంటే తెర మీద అత్తగారు అసలు లెక్కలో ఇద్దరు అల్లుళ్లకన్నా చిన్నది. సినిమా విడుదలయ్యేనాటికి ఆవిడకు ముప్పై ఏడేళ్లు. ఇంకో ఉదాహరణ చెబుతాను. 1957లో మాయాబజార్ వచ్చింది. అందులో ఎస్.వి. రంగారావు ఘటోత్కచుడు, సూర్యకాంతం ఆయన తల్లి హిడింబి. రంగారావు గారు 1918లో పుట్టారు. కొడుకు తల్లికంటే ఆరేళ్లు పెద్ద! అయినా చూసేవాళ్లలో ఒక్కరికైనా అనుమానం వచ్చిందా? అంత భారీ మనిషి ఆవిడ ముందు ఒదిగి నిలబడితే నిజంగా అమ్మ ముందు కొడుకులాగే ఉన్నాడు. నాలుగేళ్లు తిరిగేసరికి వెలుగునీడలులో అదే రంగారావుకు అదే సూర్యకాంతం భార్య. అదీ నమ్మాం. మేకప్ ఒక్కదానితో వచ్చే నమ్మకం కాదిది. నడకలో బరువు, చూపులో అధికారం, కూర్చున్న చోటునుంచే ఇల్లంతా తనదనిపించే తీరు. వీటితో కట్టిన వయసు అది.

ఇక్కడ ఒక ఆక్షేపణ వస్తుంది. వినదగ్గదే. అన్నీ గయ్యాళి వేషాలే కదా, ఒకటే వేషం నలభై ఏళ్లు వేస్తే అందులో గొప్పేముంది, అంటారు కొందరు. పైపైన చూస్తే నిజమేననిపిస్తుంది. కానీ మూడు వేషాలు పక్కపక్కన పెట్టి చూడండి. తోడికోడళ్లులో ఆవిడ అనసూయ. పెద్ద ఉమ్మడి కుటుంబంలో అడుగుపెట్టి దాన్ని చీలుస్తుంది. అక్కడ బాధ పెత్తనం గురించి. ఆ ఇంట్లో తన మాట ఎందుకు చెల్లదు అన్న ఉక్రోషం అది. వెలుగునీడలులో కనకదుర్గమ్మ. పిల్లలు లేక ఒక పసిపిల్లను పెంచుకుంటుంది. తర్వాత తన కడుపున ఒక బిడ్డ పుడుతుంది. పుట్టగానే పెంచుకున్న పిల్ల కంట్లో నలుసైపోతుంది. అక్కడ బాధ పేగుబంధం గురించి. ఇక గుండమ్మ. సవతి కూతురు లక్ష్మి చేత ఇంటి చాకిరీ అంతా చేయిస్తుంది. సొంత కూతురు సరోజను నెత్తిన పెట్టుకుంటుంది. అయితే ఈవిడకు ఇంకో గుణం ఉంది. ఎవరు పొగిడినా నమ్ముతుంది. ఎవరు బుట్టలో వేసినా పడుతుంది. ఒకరిది ఉక్రోషం, ఒకరిది పక్షపాతం, ఒకరిది అమాయకత్వంతో కలిసిన దురాశ. ముగ్గురూ కేకలు వేస్తారు, నిజమే. కానీ మూడు కేకలూ మూడు చోట్లనుంచి వస్తాయి. చూసేవాడికి ఆ తేడా తెలియబట్టే ఒకరి మీద కోపం వస్తుంది, ఒకరి మీద నవ్వు వస్తుంది. వేషం పేరు ఒకటే, మనిషి మాత్రం వేరు. క్యారెక్టర్ నటి పనితనం ఆ తేడాలోనే కనిపిస్తుంది.

గుండమ్మనే ఇంకాస్త దగ్గరకు జరిగి చూద్దాం. రామారావు అంజి అనే పేరుతో పనివాడిగా ఆ ఇంట్లో చేరతాడు. నిజానికి గొప్పింటి బిడ్డ. ఆ సంగతి మనకు తెలుసు, గుండమ్మకు తెలియదు. చవకగా ఒక వెర్రిబాగులవాడు దొరికాడని ఆవిడ సంబరం. ఇక్కడ నటికి చాలా చిక్కు ఉంది. తను గడుసుదాన్నని అనుకునే మనిషిగా కనిపించాలి. అదే సమయంలో ఎంత సులువుగా మోసపోతోందో కూడా కనిపించాలి. సూర్యకాంతం గారు ఈ రెండూ ఒకేసారి చూపిస్తారు. ఆవిడది ఎడమచేతి వాటం. మాట ఇంకా నోట్లోనే ఉండగా ఆ ఎడమ చెయ్యి గాల్లోకి లేస్తుంది. ఎదుటివాడు వేలు చూసి హడలిపోయేలోగా మాట వచ్చి పడుతుంది. అంత ధాటిగా మాట్లాడిన మనిషి, అవతలివాడు ఒక్క మెచ్చుకోలు మాట విసరగానే మెత్తబడిపోతుంది. కనుబొమలు కిందికి దిగుతాయి, గొంతు తగ్గుతుంది. ఇంత గడుసు, అంత అమాయకం. సినిమా చివర్లో ఏమవుతుంది? ఛాయాదేవి వేసిన దుర్గమ్మ ఆ ఇంట్లో తిష్ఠ వేస్తుంది. గుండమ్మను మించిన గయ్యాళి. ఇప్పుడు గుండమ్మ గొంతు లేవదు. సినిమా అంతా ఇంటిని గడగడలాడించిన గొంతు గుటకలు మింగుతుంది. అంతదాకా దీనికి శాస్తి జరగాలి అనుకున్న మనమే, అయ్యో పాపం అంటాం. చివరికి ఆదుకునేది ఎవరు? ఆవిడ కష్టపెట్టిన లక్ష్మే. ఆ పాపం అన్న మాట మన నోటివెంట రాకపోతే లక్ష్మి మంచితనం వట్టి నీతిపాఠంగా మిగిలిపోయేది. లక్ష్మిగా సావిత్రి మంచితనం నిలబడింది సూర్యకాంతం చెడ్డతనం మీద. ఇంటికి గుమ్మం అందం, దూలం ఆధారం. వచ్చినవాళ్లు గుమ్మాన్ని మెచ్చుకుంటారు, దూలం వైపు తలెత్తి చూడరు.

రెండో ఆక్షేపణ ఉంది. ఇదంతా రచయిత గొప్పే కదా, మాటలు ఆయన రాస్తే ఈవిడ చెప్పింది, అంతే కదా అని. ఈ ప్రశ్నకు జవాబు చెప్పడానికి మన పల్నాడు వాళ్లకు ఒక ప్రత్యేక హక్కు ఉంది. గుండమ్మ కథకు మాటలు రాసినవారు డి.వి. నరసరాజు గారు. ఆయనది సత్తెనపల్లి తాలూకా తాళ్లూరు. అంటే గుండమ్మ నోట పలికిన మాటలు మన గాలి పీల్చిన మనిషి కలంలోంచి వచ్చాయి. పెద్దమనుషులు, దొంగరాముడు, యమగోల రాసిన చెయ్యి అది. ఆయన మాటల్లో ఆర్భాటం ఉండదు. ఇంట్లో మాట్లాడుకునే మాటకే ఒక మెలిక పెడతారు. కాబట్టి రచయిత గొప్ప కాదనడం లేదు, ఇంకాస్త గట్టిగానే ఒప్పుకుంటున్నాను. కానీ కాగితం మీద మాటకు వేగం ఉండదు. ఎక్కడ ఆపాలో, ఎక్కడ ఊపిరి పీల్చకుండా లాగెయ్యాలో కాగితం చెప్పదు. దీనికి రేడియోనే సాక్ష్యం. ఒకప్పుడు ఆకాశవాణిలో సంక్షిప్త శబ్దచిత్రం అని వచ్చేది. సినిమాను గంటకు కుదించి, బొమ్మ లేకుండా వట్టి గొంతులతో వినిపించేవారు. రేడియోలో ఎడమ చెయ్యి కనబడదు. కట్టూ బొట్టూ కనబడవు. అయినా సూర్యకాంతం గొంతు వినబడగానే ఎదురుగా మనిషి ప్రత్యక్షమయ్యేది. ఏ మాట దగ్గర విరుపు, ఏ మాట దగ్గర సాగదీత, అవి రచయిత ఇచ్చినవి కావు. ఆ మాటలు మరో గొంతులో ఇంత కాలం నిలిచేవి కావు. గుండమ్మ కథను మళ్లీ తీయాలన్న మాట ఎన్నోసార్లు పైకి వచ్చింది. అంజికీ, నాగేశ్వరరావు వేసిన రాజాకీ నటులు దొరుకుతారు, మరి గుండమ్మకు ఎవరు అన్న ప్రశ్న ప్రతిసారీ ముందుకొచ్చింది. స్క్రిప్టు ఎక్కడికీ పోలేదు. నరసరాజు గారి మాటలు అలాగే ఉన్నాయి. లేనిది ఆ నటి.

మూడో ఆక్షేపణ అన్నిటికన్నా బరువైనది. ఇలాంటి వేషాల వల్ల అత్తగారు అంటే రాక్షసి అన్న భావం జనంలో పాతుకుపోలేదా? ఆవిడ పేరు పెట్టి పిలిస్తే తిట్టులా వినబడే పరిస్థితి వచ్చింది. ఆవిడ తర్వాత ఆడపిల్లకు సూర్యకాంతం అని పేరు పెట్టడానికి జనం జంకారని అంటారు. ఇందులో నిజం ఉంది. దాన్ని దాటవేయకూడదు. ఆ కుటుంబ చిత్రాల్లో ఇంటి మగవాడు ఎప్పుడూ మంచివాడే. మెత్తగా మాట్లాడతాడు, కళ్లెదుట జరిగేది చూస్తూ ఊరుకుంటాడు. ఇల్లు చీలితే నేరం మాత్రం ఆడదాని నోటిది. అది ఆ కథల లోపం. ఒప్పుకుందాం. అయితే ఆ లోపాన్ని నటి నెత్తిన పెట్టడం న్యాయం కాదు. ఆవిడ నటన ఆ లోపాన్ని కొంత సరిదిద్దింది కూడా. ఎలాగంటారా? గుండమ్మ భర్త లేని మనిషి. ఆస్తి తనే చూసుకోవాలి, ఇల్లు తనే నడపాలి. నోరు తగ్గితే నలుగురూ కలిసి దోచుకుంటారు. ఆ భయం గుండమ్మ గొంతులో ఎప్పుడూ ఉంటుంది. సూర్యకాంతం గారు ఆ భయాన్ని దాచలేదు. అందుకే గుండమ్మ రాక్షసిలా కనిపించదు. ఏ ఊళ్లోనైనా ఉండే మనిషిలా కనిపిస్తుంది.

పల్నాడు శ్రోతలకు ఈ సంగతి నేను విడమరచి చెప్పనక్కర్లేదు. మన కథలో నాయకురాలు నాగమ్మ ఉంది. గురజాల నలగామరాజు కొలువులో మంత్రాంగం నడిపిన మనిషి. కోడిపందెంలో మాచర్ల పక్షం ఓడింది, అరణ్యవాసానికి వెళ్లింది, చివరికి కారంపూడిలో యుద్ధం జరిగింది. తప్పెవరిది అంటే చాలామంది నాగమ్మ వైపే వేలు చూపిస్తారు. సంధి కుదరనివ్వని మగవాళ్ల పంతాలు తర్వాత గుర్తుకొస్తాయి. అధికారం చేతబట్టిన ఆడది కథలో చెడ్డదవడం కొత్త కాదు. ఎనిమిది వందల ఏళ్ల కింద జరిగిన కథలోనే ఉంది. కానీ ఒక్కసారి నాగమ్మను తీసేసి పల్నాటి కథ చెప్పి చూడండి. బ్రహ్మనాయుడి చాపకూడు మిగులుతుంది, బాలచంద్రుడి వీరం మిగులుతుంది. ఆ వీరానికి ఎదురు ఎవరు? కథ ముందుకు నడవదు. సినిమా వాళ్లకు ఈ సంగతి తెలుసు. 1947లో పల్నాటి యుద్ధం తీసినప్పుడు నాగమ్మ వేషం కన్నాంబకు ఇచ్చారు. 1966లో మళ్లీ తీసినప్పుడు భానుమతికి ఇచ్చారు. ఇద్దరూ ఆషామాషీ నటులు కాదు. ఎదురు నిలిచే మనిషి గట్టిగా ఉంటేనే కథ గట్టిగా ఉంటుంది. పురుష పాత్రల్లోనూ ఇదే లెక్క. మన దాచేపల్లిలో పుట్టిన ధూళిపాళ సీతారామశాస్త్రి గారు శ్రీకృష్ణపాండవీయంలో శకుని వేశారు. ఆ సినిమా తలచుకోగానే కృష్ణుడితో పాటు శకుని ముఖం కూడా కళ్ల ముందుకు వస్తుంది. నాగమ్మ, శకుని, గుండమ్మ. ముగ్గురూ చెడ్డవాళ్లే కావచ్చు. ముగ్గురిలో ఎవరిని తీసేసినా ఆ కథ కూలబడిపోతుంది.

ఇది ఒక్క తెలుగు సినిమా సంగతే కాదు. ఫ్రాన్సులో పొలీన్ కార్తాన్ అనే నటి ఉండేది. 1884లో పుట్టింది, 1974లో పోయింది. పనిమనిషి, కాపలా ముసలమ్మ, ఇరుగుపొరుగు ఆడమనిషి, ఇలాంటి వేషాలతోనే దశాబ్దాలు గడిపింది. అక్కడి జనం ఆవిడను గుర్తుపెట్టుకున్నారు. అమెరికాలో ఆస్కార్ బహుమతులు మొదలైన కొన్నేళ్లకే, 1936 సినిమాలనుంచి, సహాయ పాత్రలకు విడిగా బహుమతి ఇవ్వడం ప్రారంభించారు. నాయిక కొలబద్దతో ఈ పనిని కొలవకూడదని వాళ్లకు తొందరగానే అర్థమైంది. మన దగ్గర సూర్యకాంతానికి సరిగ్గా ఎదురు కొసన నిర్మలమ్మ గారున్నారు. మచిలీపట్నం ఆవిడది. పదహారేళ్ల వయసు సినిమాలో శ్రీదేవికి తల్లి, స్వాతిముత్యంలో కమల్ హాసన్‌కు బామ్మ. కేక వెయ్యదు, చెయ్యి తిప్పదు. గొంతు కాస్త వణికించి హాలంతా కన్నీళ్లు పెట్టిస్తుంది. మరి ఇద్దరిదీ ఒకే కళ అని ఎలా అంటాం? ఇద్దరూ చేసిన పని ఒకటే కాబట్టి. స్వాతిముత్యంలో ఆ అమాయకుడికి బామ్మ లేకపోతే అతని మీద మనకు అంత ఆపేక్ష పుట్టదు. ఒకరు కష్టం పెట్టి కథను నడిపారు, ఒకరు కడుపులో పెట్టుకుని నడిపారు.

చివరగా ఈ రోజు సంగతి. ఇవాళ టీవీ పెడితే సాయంత్రం నుంచి రాత్రి దాకా అత్తగార్లే. సీరియల్లో అత్తగారు కోడలి వైపు చూస్తుంది, కెమెరా మూడుసార్లు ముఖం మీదికి దూకుతుంది, వెనక డప్పులు మోగుతాయి. కుట్ర మీద కుట్ర. గుండమ్మకు వారసులే కదా అనిపిస్తుంది. కానీ ఒక తేడా ఉంది. ఈ అత్తగారు ఎప్పుడూ మోసపోదు, ఎప్పుడూ నవ్వించదు, ఎప్పుడూ భయపడదు. పగ ఒక్కటే ఉంటుంది. అందుకే వెయ్యి ఎపిసోడ్లు నడిచినా ఆమె పేరు ఇంట్లో ఎవరికీ గుర్తుండదు. సూర్యకాంతం గారు పోయి మూడు దశాబ్దాలు దాటింది. ఆవిడ బతికుండగా పుట్టని పిల్లలు కూడా ఇప్పుడు ఫోనులో గుండమ్మ ముక్కలు చూసి నవ్వుతున్నారు. చెడ్డతనంలో కూడా మనిషిని చూపించగలిగిన నటికి దక్కే ఆయుష్షు అది. కేకలు ఎవరైనా వెయ్యగలరు. ఆ కేక వెనక ఉన్న భయాన్ని, ఆశను, తెలివితక్కువతనాన్ని వినిపించడానికి నటి కావాలి.

కాబట్టి శ్రోతలారా, నా మాట మరోసారి చెప్పి సెలవు తీసుకుంటాను. క్యారెక్టర్ నటి ఖాళీ పూడ్చే మనిషి కాదు, కథను కదిలించే మనిషి. ఈసారి టీవీలో గుండమ్మ కథ వచ్చినప్పుడు ఒక పని చేయండి. రామారావో సావిత్రో మాట్లాడుతున్నప్పుడు వాళ్లను వదిలేసి, పక్కన నిలబడిన గుండమ్మను చూడండి. తన మాట లేనప్పుడు కూడా ఆవిడ ఏం చేస్తోందో గమనించండి. వింటోంది, లెక్కలు వేస్తోంది, నమ్ముతోంది, పడిపోతోంది. నాయకుడి మాటకు విలువ వచ్చేది అక్కడ, ఆ వినే ముఖంలో. నచ్చిన సినిమాల పేర్లు చెప్పుకునేటప్పుడు హీరో పేరు తర్వాత ఈ పేరు కూడా చెప్పండి. సినిమాకు ఆవిడ పాత్ర పేరు పెట్టి 1962లోనే విజయా వారు ఆ లెక్క సరిగ్గా తేల్చారు. మనం దాన్ని మరిచిపోకుండా ఉంటే చాలు.